ఎట్ల పడినావో సెప్పు

వడమాలపేట రోడ్డు పక్కన కట్లు కట్టే మునెయ్య దగ్గరికి ఎవురొచ్చినా ముందు ఒకటే మాట అడుగుతాడు. పేరు అడగడు. ఊరు అడగడు. నొప్పి యాడ అని అసలుకే అడగడు, అది నా వేళ్ళు చూసుకుంటాయిలే అంటాడు. "ఎట్ల పడినావో సెప్పు" అంటాడు, అంతే.

ఆ పొద్దు చిన్నబ్బ అని ఒక మామిడితోట కాపలామనిషి ముంజెయ్యి పట్టుకోని వచ్చినాడు. చెయ్యి సొరకాయంత వాచిపోయుండాది. "బండి మీంచి జారి పడినా మామా" అన్నాడు. మునెయ్య ఆ చెయ్యిని ఒళ్ళో పెట్టుకోని, కండ్లు మూసుకోని, బొటనవేలితో మణికట్టు నుంచి మోచెయ్యి దాకా ఒకసారి పోయొచ్చినాడు. కండ్లు తెరిచి ఆ మనిషిని ఎగాదిగా చూసినాడు.

"బండి మీంచి జారినోడు అరచెయ్యి ఆనిస్తాడబ్బా. వానికి మణికట్టు కాడ ఇరుగుతాది. నీకు నట్టనడిమిన ఇరిగుండాది. ఇది మొగానికి అడ్డం పెట్టుకున్న చెయ్యి. ఎవురు కొట్టినారు?"

చిన్నబ్బ నేలచూపులు చూసినాడు. మునెయ్యకు కోపమొచ్చింది. ఆయప్ప కోపానికి పెద్ద కారణాలేం అక్కర్లేదు గానీ, ఈ కోపం మాత్రం న్యాయమైనదే. "ఊరికేమన్నా సెప్పుకో, నీ పెండ్లానికేమన్నా సెప్పుకో. నాకు మాత్రం ఉన్నది ఉన్నట్ల సెప్పాల. నువ్వు సెప్పిన అబద్ధానికి నేను కట్టు కడితే ఎముక వంకరగా అతుక్కుంటాది. అప్పుడు మళ్ళా ఇరిసి కట్టాల. ఆ నొప్పి నువ్వు పడతావా, నేను పడాల్నా?"

దాంతో చిన్నబ్బ నోరిప్పినాడు. అన్నదమ్ముల గొడవ, పారకట్టె దెబ్బ. అట్ల సెప్పు మరి అని మునెయ్య కోడిగుడ్డు సొనలో గుడ్డ తడిపి, ఆకుపసరు పూసి, వెదురుబద్దలు పెట్టి కట్టు కట్టి పంపించినాడు.

అంత నోరున్న మనిషి, చేతులు కడుక్కోని ఇంట్లోకి పోయి, నడిమింటి గడప కాడ చప్పుడు చేయకుండా నిలబడినాడు. లోపల మంచం మీద కోమల గోడ తట్టు తిరిగి పండుకోని ఉండాది. ఒక్కతే బిడ్డ. ఇరవై మూడేండ్లు. పుత్తూరులో ఒక ప్రైవేటు బళ్ళో చిన్నపిల్లోళ్ళకు పాఠాలు చెప్పే టీచరు. నలభై దినాలుగా బడికి పోలే, తల దువ్వుకోలే. సంగటి పెడితే పెట్టిన ముద్ద పెట్టినట్టే ఎండిపోతా ఉండాది.

"కోమలా, రవంత మజ్జిగన్నా తాగు తల్లీ."

"వద్దు నాయనా." ఆ మాట గూడా గోడకే చెప్పింది.

పక్కింటి రుక్మిణమ్మ అప్పటికే దిష్టి తీసింది, తాయెత్తు కట్టించింది, గంగమ్మకు మొక్కుకునింది. ఏదీ పారలేదు. ఆ సాయంత్రం వచ్చి నడుం మీద చెయ్యి పెట్టుకోని నిలబడింది. "ఇది నీ వేళ్ళకు అందే ఇరుగుడు కాదప్పా. తిరుపతి పెద్దాసుపత్రిలో మనసుకు చూసే డాక్టరమ్మ ఉండాది. మా తమ్ముని కూతుర్ని ఆడే చూపిస్తే ఇప్పుడు లక్షణంగా ఉద్యోగం చేసుకుంటా ఉండాది. పిలుచుకోని పో."

"పిచ్చి డాక్టరు దగ్గరికా?"

"పిచ్చి నీకు. బిడ్డ ఎండిపోతా ఉంటే గడప కాడ నిలబడి చూస్తా ఉండావే, నీకు."

మునెయ్య లోపలి మంచం తట్టు చూసినాడు. గోడ తట్టు తిరిగిన అట్లాంటి వీపును ఆయప్ప ఇంతకుముందు గూడా చూసినాడు. ఇరవై ఏండ్ల కిందట, ఇంకో ఊర్లో. ఆ సంగతి రుక్మిణమ్మకు తెల్దు. కోమలకూ తెల్దు. కోమలకు తెలిసిందల్లా, తనకు మూడేండ్లప్పుడు అమ్మ తిరుమలమ్మ జరమొచ్చి చనిపోయిందని.

సోమవారం పొద్దున్నే బస్సెక్కి తండ్రీబిడ్డ తిరుపతి పోయినారు. చీటీ రాయించుకోని బెంచీ మీద కూర్చున్నారు. చుట్టూ ఉన్నోళ్ళలో ఒక్కరికీ కట్టు లేదు, కర్ర లేదు, వాపు లేదు. వీళ్ళకంతా యాడ ఇరిగిందో ఎట్ల కనిపెడతారబ్బా అని మునెయ్య ఒక్కొక్కర్నీ చూస్తా ఉండినాడు.

డాక్టరమ్మ పేరు ఉమ్మే హబీబా. చిత్తూరు మనిషి, నలభై ఏండ్లుంటాయి, తల మీద దుపట్టా, ముక్కు మీద కళ్ళద్దాలు. నాడి పడతాదని చూసినాడు మునెయ్య, పట్టలేదు. ఎక్స్‌రేకు రాస్తాదని చూసినాడు, రాయలేదు. పెన్ను పక్కన పెట్టి కోమల మొగంలోకి చూస్తా అడగడం మొదలుపెట్టింది. నిద్ర ఎట్లుంది? ఎన్ని గంటలకు మెలకువ వస్తుంది? ముందు ఇష్టంగా చేసే పని ఏది, అది ఇప్పుడు చెయ్యబుద్ధి అవుతుందా? అడిగిన ప్రతిదానికీ కోమల కంటే ముందు మునెయ్యే జవాబు చెప్తా వచ్చినాడు.

నాలుగో ప్రశ్నకు డాక్టరమ్మ ఆయప్ప తట్టు తిరిగింది. "పెద్దాయనా, కాలు మీ పాపది అయితే కుంటేది మీరా? కాసేపు బయట కూర్చోండి."

మునెయ్య బయట కూర్చోని కోపంగా పండ్లు నూరుకున్నాడు. ముట్టుకోలే, పట్టుకోలే, ఉత్త మాటలు! మాటలు చెప్పుకునేదానికి ఇంతదూరం రావాల్నా? రుక్మిణమ్మ ఇంటి అరుగు చాలదా? అర్ధగంటకు కోమల తడి కండ్లతో బయటికొచ్చింది. ఆ తర్వాత ఆయప్పను ఒక్కణ్ణే లోపలికి పిలిచినారు.

"బతకబుద్ధి కావడం లేదని మీ పాప చెప్పింది. మీకు తెలుసా?"

మునెయ్యకు తెల్దు. నలభై దినాలు అదే ఇంట్లో ఉన్నాడు గదా, ఒక్కసారన్నా ఆ మాట అడగలేదు. ఎముక అయ్యుంటే తెలిసుండేది.

"మాకు ఎక్స్‌రే లేదు పెద్దాయనా. థైరాయిడ్‌కు రక్తపరీక్ష రాస్తా, అదీ వేరే కారణం ఏమీ లేదని తేల్చుకోడానికి. మిగిలిందంతా అడగడం, వినడం. అందుకని మీరు చెప్పేది సరిగ్గా చెప్పాల. ఎప్పుడైనా మీ పాప దీనికి తలకిందులుగా ఉండిందా? నిద్ర లేకపోయినా అలుపు లేకుండా, మాటలు ఎక్కువగా, మరీ ఉషారుగా?"

ఉండింది. జనవరిలో బడి పండగప్పుడు ఎనిమిది దినాలు కునుకు లేకుండా నలభైమంది పిల్లోళ్ళకు తనే ఉడుపులు కుట్టింది. అలుపన్నది లేదు, నోరు మూసింది లేదు. నా బిడ్డ ఎంత చలాకీ అని మునెయ్య అందరికీ చెప్పుకున్నాడు. కానీ లోపల ఒక మూల భయం తొలిచింది ఆ దినాల్లో. ఆ భయాన్ని ఇప్పుడు బయటికి తీస్తే దాని వెనకాల ఇంకోటి వస్తాది.

"లేదమ్మా" అన్నాడు.

"ఇంట్లో, రక్తసంబంధంలో, ఇట్లా ఎవరికైనా ఉండిందా? వాళ్ళమ్మకు?"

"లేదమ్మా. ఆయమ్మ జరంతో పోయింది."

డాక్టరమ్మ రాసుకునింది. డిప్రెషన్ అంటారు దీన్ని, తగ్గేదే, ఈ మాత్రలు రోజూ వెయ్యండి, పాపను ఒంటరిగా వదలొద్దు అని చెప్పింది. గడప దాటతా ఉన్నోణ్ణి మళ్ళీ పిలిచి, "నిద్ర తగ్గినా, మాటలు ఎక్కువైనా, ఆ దినమే పిలుచుకోని రండి, ఇంకో దినం ఆగొద్దు" అని గట్టిగా చెప్పింది. మునెయ్య తలూపినాడు.

తిరిగొచ్చేటప్పుడు కోమల బస్సులో తండ్రి భుజం మీద తల పెట్టి నిద్రపోయింది. కిటికీలోంచి చూస్తే రోడ్డు మీద పసుపుగుడ్డలు కట్టుకోని గోవిందలు పలుకుతా ఒక గుంపు నడిచిపోతా ఉండాది. అరవోళ్ళు ఏడుకొండల స్వామికి మొక్కే పెరటాసి నెల వస్తా ఉండాది గదా, మద్రాసు దిక్కు నుంచి కొండకు నడిచిపోయేవాళ్ళు అప్పుడే మొదలైనారు. మునెయ్య చూపు ఎప్పటిమాదిరే ఆ గుంపులోని ఆడోళ్ళ కాళ్ళ మీదికి పోయింది.

తిరుమలమ్మ చనిపోలేదు. కనీసం ఆయప్ప చూసి ఎరిగి చనిపోలేదు.

పెండ్లయిన కొత్తలో వాళ్ళు నగరి పక్కన ఒక పల్లెలో ఉండేవాళ్ళు. ఒకదినం బావిమెట్ల మీద జారి తిరుమలమ్మ ఎడమకాలి చీలమండ విరుచుకునింది. మునెయ్య అప్పటికింకా ఒక పెద్దాయన దగ్గర పని నేర్చుకుంటా ఉండినాడు. నా పెండ్లాం కాలు ఇంకొకరు పట్టుకునేదేందని పౌరుషానికి పోయి తనే కట్టినాడు. వంకరగా అతుక్కునింది. చీలమండ బయటి తట్టు చింతగింజంత బొడిపె మిగిలిపోయింది. అది తడుముకోని ఆయమ్మ పడీపడీ నవ్వేది. "నీ సంతకం పెట్టేసినావు పో. ఇంక నేను యాడ తప్పిపోయినా కనుక్కుంటావులే" అనేది.

కోమల పుట్టినాక ఆయమ్మకు అది మొదలైంది. నెలల తరబడి గోడ తట్టు తిరిగి పండుకునేది. మళ్ళా ఉన్నట్టుండి లేచేది, లేస్తే పట్టపగ్గాల్లేవు. వారం దినాలు నిద్రుండదు, పాటలు, నవ్వులు, వీధి వీధంతా ముగ్గులు. గాలి సోకిందని కొందరు, పొగరని కొందరు అన్నారు. మునెయ్య ఏమీ అనలేదు, పైకి లేచినప్పుడు సంతోషపడేవాడు, పండుకున్నప్పుడు విసుక్కునేవాడు. ఆ మూడో ఏడు పెరటాసిలో నడిచిపోయేవాళ్ళకు వండి పెడతానని ఇంట్లో బియ్యమంతా పొయ్యి మీదికెక్కించింది. మునెయ్య కట్లగుడ్డ తానులు తానులు చించి దోవన పోయేవాళ్ళ కాళ్ళకు కట్టింది. పని నుంచి వచ్చి చూస్తే కాలు విరిగిన పిల్లోడు ఒకడు అరుగు మీద ఏడుస్తా ఉండాడు, ఇంట్లో మూరెడు గుడ్డ లేదు. మునెయ్యకు ఒళ్ళు మండిపోయింది. "వాళ్ళంటే నీకు అంత ఇదిగా ఉంటే వాళ్ళతోనే పో" అన్నాడు.

ఆయమ్మ నవ్వింది. పసుపునీళ్ళలో ముంచిన చీర కట్టుకోని నవ్వుతానే పోయింది. మధ్యాన్నానికి వస్తాదిలే అనుకున్నాడు.

తిరుపతి సత్రాలన్నీ వెతికినాడు. కొండ మీద క్యూలన్నీ వెతికినాడు. పోలీసులకు ఫోటో ఇచ్చినాడు. ఆఖరికి బిడ్డను చంకనేసుకోని వచ్చి వడమాలపేటలో ఇల్లు బాడుగకు తీసుకున్నాడు. ఎందుకంటే మద్రాసు తట్టు నుంచి కొండకు నడిచేవాళ్ళు ఏ దోవన వచ్చినా పుత్తూరు దాటినాక ఈ రోడ్డే తొక్కాల. ఏటా పెరటాసి నెలంతా పందిలి వేసి, చాప పరిచి, నడిచి నడిచి వాచిన కాళ్ళకు నూనె రాస్తాడు. పుణ్యాత్ముడు అంటారు జనం. పుణ్యమూ లేదు, ఏమీ లేదు. ఆడమనిషి కాలు ఒళ్ళోకొస్తే ఆయప్ప బొటనవేలు నేరుగా ఎడమ చీలమండ మీదికి పోతాది. ఇరవై ఏండ్లకు మొగం మారిపోతాది, గొంతు మారిపోతాది. ఎముక మారదు. వేలికింద ఆ బొడిపె తగలాలని ఆయప్ప ఎన్ని వేల కాళ్ళు పట్టుకున్నాడో లెక్క లేదు.

పో అన్న మాట ఎవురికీ చెప్పలేదు. జరమొచ్చి చనిపోయిందని చెప్పడమే సులువైంది.

మాత్రలు మొదలుపెట్టిన పదిహేనో దినం కోమల లేచి తల దువ్వుకునింది. మూడో వారం బెల్లం దోసెలు రెండు తినింది. మునెయ్య సంతోషానికి పట్టలేక రుక్మిణమ్మ ఇంటికి పోయి, "నువ్వే నా పాలిట దేవతవమ్మా" అంటే, ఆయమ్మ "నన్ను పొగిడేది తర్వాత, ఆ మాత్రలు ఆపకుండా ఎయ్యి" అని కసురుకునింది. నాలుగో వారం కోమల ఇల్లంతా సున్నం కొట్టింది. మాటలు గలగలా వస్తా ఉన్నాయి. బడి పెట్టేస్తా నాయనా, సొంత బడి, వెయ్యిమంది పిల్లోళ్ళు అనింది. మునెయ్యకు డాక్టరమ్మ మాట గుర్తొచ్చింది. గుర్తొచ్చి గూడా, ఇన్నాళ్ళకు నవ్వుతా ఉండాది, ఆ నవ్వును నేనే పోయి ఆపమని చెప్పాల్నా, రెండు దినాలు చూస్తాం అనుకున్నాడు. అంతకంటే పెద్ద తప్పు ఆయప్ప జన్మలో ఇంకొకటే చేసినాడు.

పెరటాసి మూడో శనివారం తెల్లారుజామున తలుపు తీసినాడు. వాకిలి నుంచి రోడ్డు మలుపు దాకా ముగ్గు. పది ఇండ్ల ముందర ఒకటే ముగ్గు, తెంపు లేకుండా. మలుపు కాడ కోమల మోచేతుల దాకా పిండితో, ముగ్గుచెంబు పట్టుకోని నిలబడుండాది. "నాయనా! తిరుపతి దాకా పెడతా చూడు!" అని అరిచింది.

మునెయ్య ఇది ఇరవై ఏండ్ల కిందట చూసినాడు. ఇదే ముగ్గు. ఇదే గొంతు. లోపలికి పోయి ఆసుపత్రి చీటీ వెతుక్కోని వచ్చేలోగా కట్లగుడ్డ పెట్టె తెరిచుండాది, తానంతా పేలికలై నేల మీద పడుండాది, కోమల లేదు. రుక్మిణమ్మ పొరక పట్టుకోని వాకిట్లో నిలబడి, "పసుపు చీర కట్టుకోని అరవోళ్ళ గుంపుతో పోతా ఉండాదే! నువ్వే పంపించినావనుకుంటిని గదప్పా" అనింది.

అరవై ఏండ్ల మనిషి చెప్పుల్లేకుండా పరిగెత్తినాడు. టోల్‌గేటు దాటినాక గుంపు అగుపడింది. ముందర గోవిందలు చెప్తా కోమల, కాళ్ళకు చెప్పుల్లేవు, మడమ నుంచి నెత్తురు కారతా ఉండాది, అది తెలిసినట్టే లేదు. మునెయ్యకు రొప్పుతో పాటు కోపం పొంగింది. పాత మాటే, అదే మాట, నాలిక చివరికొచ్చింది. ఆ మాటను మింగి, నడిరోడ్డు మీద కూర్చోని బిడ్డ కాలు రెండు చేతుల్తో పట్టుకున్నాడు.

"పోవద్దు తల్లీ. నన్ను ఇడిసిపెట్టి పోవద్దు."

కోమల వంగి చూసి నవ్వింది. "ఎందుకు ఏడుస్తావు, నువ్వూ రా! తిరుపతికే గదా!"

"సరే. తిరుపతికే పోదాం" అన్నాడు మునెయ్య. వెనక ఆటోలో వస్తా ఉండిన రుక్మిణమ్మ చెయ్యి పట్టి ఇద్దర్నీ ఎక్కించుకునింది.

ఆసుపత్రిలో కోమల కుర్చీలో కూర్చోలేదు. ఒక మాట మీద నిలబడలేదు. డాక్టరమ్మ విసుక్కోకుండా, తొందరపడకుండా అడుగుతానే ఉండాది. ఎన్ని దినాలుగా నిద్ర లేదు? ఎంతసేపు పడుకున్నావు రాత్రి? ఎవరైనా పిలిచినట్టు వినిపిస్తుందా? స్వామే నన్ను నడిచి రమ్మన్నాడని కోమల చెప్పింది. డాక్టరమ్మ అది రాసుకోని మునెయ్య తట్టు చూసింది.

"పెద్దాయనా, మళ్ళీ అడుగుతున్నా. ఇంతకుముందు పాపకు ఇట్లా ఉండిందా? మీ ఇంట్లో ఇంకెవరికైనా ఉండిందా?"

మునెయ్య చేతిలోని చీటీని మడిచి, విప్పి, మళ్ళా మడిచినాడు. అది చూసి కోమల చప్పట్లు కొట్టి నవ్వింది. తండ్రి గొంతును దించేసి, "ఎట్ల పడినావో సెప్పు!" అనింది. "అందర్నీ అడుగుతావు గదా నాయనా, సెప్పు సెప్పు!"

నర్సమ్మ, రుక్మిణమ్మ ఆ బిడ్డను బుజ్జగించి పక్కగదికి పిలుచుకోని పోయినారు. మునెయ్య నేల చూపులు చూస్తా కూర్చున్నాడు, ఆ పొద్దు చిన్నబ్బ కూర్చున్నట్టే. అబద్ధానికి కట్టు కడితే ఏమైతాదో తనకంటే ఎవురికి తెలుసు? ఇరవై ఏండ్ల మాటలు ఒక్కటొక్కటే బయటికొచ్చినాయి. జనవరిలో ఎనిమిది దినాలు. గోడ తట్టు తిరిగిన వీపు. ముగ్గులు. బియ్యం. చించిన గుడ్డ. ఆఖరికి, "పో అన్నానమ్మా, నేనే పో అన్నాను" అని చెప్పి ఆగినాడు.

డాక్టరమ్మ అంతా విని పాత మాత్రల చీటీని అడ్డంగా కొట్టేసింది. "ఇది ఉత్త డిప్రెషన్ కాదు. బైపోలార్ అంటాం. మనసు కొన్నాళ్ళు పూర్తిగా కిందికి, కొన్నాళ్ళు అదుపు లేకుండా పైకి. కిందున్నప్పుడు మాత్రమే చూసి లేపే మాత్ర ఒక్కటే ఇస్తే కొందరికి ఇట్లా అవుతుంది. వాళ్ళమ్మ సంగతి ఆ రోజే తెలిసుంటే నేను వేరే మందుతో మొదలుపెట్టేదాన్ని."

"నా బిడ్డకు నేనే వంకరగా కట్టించినాను."

"సరిచేసుకోవచ్చు. కొన్నాళ్ళు ఇక్కడే ఉంచుకుంటాం. మందులు చాలాకాలం వాడాల, అప్పుడప్పుడు రక్తపరీక్ష చెయ్యాల. పాప మళ్ళీ బడికి పోతుంది."

మునెయ్య లేవలేదు. చేతులు ఒళ్ళో పెట్టుకోని, వేళ్ళు చూసుకుంటా అడిగినాడు. "మా తిరుమలమ్మకు గూడా అదే జబ్బేనా అమ్మా?"

"చూడని మనిషికి నేను జబ్బు పేరు పెట్టకూడదు పెద్దాయనా."

"పెట్టు తల్లీ. నీకు దండం పెడతా. నేను ఇరవై ఏండ్లుగా పెట్టుకున్న పేరు వేరే. మొగుడు పో అన్నాడు, అందుకని పోయింది అని. ఇంకొక పేరుంటే సెప్పు."

డాక్టరమ్మ కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టింది. "వారం దినాలు నిద్ర లేకుండా, దోవన పోయేవాళ్ళందరికీ వండి పెట్టి, నవ్వుతా పోయిందని మీరే చెప్పినారు. మీ మాటకు మనసు విరిగి పోయే మనిషి అట్లా నవ్వుతా పోదు. జబ్బే పిలుచుకోని పోయిండచ్చు. అంతవరకే నేను చెప్పగలను."

మునెయ్య కండ్లల్లో నీళ్ళు అట్లే కారిపోయినాయి, తుడుచుకోలేదు. "అప్పట్లో గూడా దీనికి మందుండిందా?" అన్నాడు.

"ఉండింది."

నగరి నుంచి తిరుపతికి బస్సులో ఎంతసేపని! ఎముక విరిగితే ఎక్కడెక్కడి నుంచో తన దగ్గరికి మోసుకోని వస్తారే జనం, తను మాత్రం ఆయమ్మను ఒక్కదినం ఆ బస్సెక్కించలేదు. ఆ మాట తలుచుకుంటే ఆయప్పకు ఇప్పటికీ అన్నం దిగదు.

కోమల పద్దెనిమిది దినాలు ఆసుపత్రిలో ఉండింది. ఇంటికొచ్చినాక నిద్ర దారిలోకొచ్చింది, మాట నిదానమైంది. ఇంక చెప్పచ్చు అని డాక్టరమ్మ అన్న దినమే మునెయ్య బిడ్డను ఎదురుగా కూర్చోబెట్టుకోని అంతా చెప్పినాడు. మీ అమ్మ జరంతో పోలేదు తల్లీ అని మొదలుపెట్టి, పో అన్న మాట దాకా, ఏదీ దాచలేదు.

 కోమల లేచి లోపలికి పోయింది. వారం దాటినా తండ్రితో మాట్లాడలే. కంచం దగ్గర పెట్టి పోతాది, అంతే. మళ్ళా గోడ తట్టు తిరుగుతాదేమోనని మునెయ్య డాక్టరమ్మకు ఫోన్ చేసినాడు. ఆయమ్మ అన్నీ అడిగింది. నిద్రపోతా ఉందా, తింటా ఉందా, మాత్రలు వేసుకుంటా ఉందా? అన్నీ సరిగ్గానే ఉన్నాయని చెప్పినాడు. "అయితే అది కోపం పెద్దాయనా. కోపం జబ్బు కాదు. కోప్పడనీండి" అనింది.

కోప్పడనిచ్చినాడు. సంక్రాంతి దాటింది, ఎండలు ముదిరినాయి. జూన్‌లో కోమల మళ్ళా బడికి పోయింది. పొద్దన టిఫిను, మాపు మాత్రలు, నెలకోసారి తిరుపతి. తండ్రితో పొడిపొడిగా రెండు మాటలు. రెండే అయినా, ఉప్పు సరిపోయిందా అని అడిగిన దినం మునెయ్య చెంబెడు నీళ్ళు తాగి గానీ జవాబు చెప్పలేకపోయినాడు.

పెరటాసి వచ్చింది. మునెయ్య ఎప్పటిమాదిరే రోడ్డు పక్కన పందిలి వేసినాడు. ఏటికేడు ఆశ పెరగడమే గానీ తరగదు ఆయప్పకు. ఇప్పుడైతే ఆశతో పాటు చెప్పాల్సిన మాట గూడా ఒకటి తోడైంది. అది నీ తప్పు కాదు తిరుమలా, దానికి మందుండాది, మన బిడ్డ వేసుకుంటా ఉండాది, నువ్వూ రా అని చెప్పాల. ఎవురూ లేనప్పుడు ఆ మాటలు పెదాల్తో పలుకుతా ఉంటాడు.

మొదటి శనివారం బడికి సెలవు. పొద్దెక్కే పాటికి కాళ్ళు వాచినోళ్ళు వరసగా కూర్చోనున్నారు. మునెయ్య తలొంచుకోని ఒక ముసలామె పాదం రుద్దుతా ఉంటే పక్కన ఎవురో ఇంకో చాప పరిచినారు. తలెత్తి చూస్తే కోమల. నూనెగిన్నె ముందరికి జరుపుకోని, జడ వెనక్కేసుకోని కూర్చునింది.

"యా కాలు నాయనా?"

మునెయ్య ముసలామె పాదాన్ని చాప మీద పెట్టినాడు. "ఎడమది. సీలమండ. బయటి తట్టు. సింతగింజంత ఉంటాది."

"మాటల్తో నాకెట్ల తెలుస్తాది? చూపించు."

మునెయ్య బిడ్డ ఎడమకాలు ఒళ్ళోకి తీసుకోని, చీలమండ బయటి తట్టు ఆ చోట బొటనవేలితో అదిమి చూపించినాడు. ఈడ, ఇంత, ఈ వాటంగా అని చెప్పినాడు. కోమల తన వేలితో తనే తడుముకోని ఆ చోటు గుర్తుపెట్టుకునింది. అప్పుడు తండ్రీబిడ్డ ఇద్దరూ ఏడ్చినారు, జనం చూస్తా ఉన్నారని గూడా చూసుకోలేదు.

వరసలో తర్వాతి మనిషి తిరుత్తణి నుంచి నడిచొచ్చినామె, యాభై ఏండ్లుంటాయి. కోమల ఆమె ఎడమకాలు ఒళ్ళో పెట్టుకోని, కండ్లు మూసుకోని, బొటనవేలు ఆనించింది. చీలమండ నున్నగా ఉండాది. కాసేపు అట్లే పట్టుకోని, నూనె రాసి, నెమ్మదిగా కింద పెట్టి, తర్వాతి ఆమెను రమ్మని చెయ్యి ఊపింది.